సూరప్పడి కాల్లో నా ఎగురుడు

మద్రాసులో, తొమ్మిది దేశాలవాళ్లు కళ్లప్పగించి చూస్తుండగా, రెండు మీటర్ల పద్దెనిమిది సెంటీమీటర్ల ఎత్తున పెట్టిన కర్ర మీంచి దూకినవాణ్ణి నేను. నవ్వకండి. నా ఎత్తు అయిదడుగుల మూడంగుళాలే. అంటే నా నెత్తి మీద నా మనవణ్ణి కూచోబెట్టి, ఆ ఇద్దరి మీంచీ నేనే దూకినట్టన్నమాట. నమ్మకపోతే ఆనాటి పేపరు ముక్క మా ఇంట్లో ఉంది, వచ్చి చూసుకోండి. ఫొటోలో మొహం మాత్రం నాది కాదు. అదెలాగో చెబుతాను.

మాది అనకాపల్లికి ఆరు మైళ్ల దూరంలో చెరకు పండే ఊరు. మా కాలంలో ఇంజన్లు రాలేదు. చెరకు ఆడాలంటే ఎద్దుల గానుగే. నడిమధ్య ఇనప రోళ్లు, వాటికి బిగించిన పొడుగాటి దూలం, దూలం చివర రెండెద్దులు. అవి గుండ్రంగా తిరుగుతుంటే దూలమూ తిరుగుతుంది. ఊళ్లో మిగతా పిల్లలు ఆ దూలం మీద కూచుని ఊగేవాళ్లు. నేను దాని మీంచి దూకేవాణ్ణి. మా అయ్య ఎద్దుల వెనకాల నడుస్తూ అవి మందగించినప్పుడల్లా "హో..." అని సాగదీసి, "హైయ్!" అని తెంచేవాడు. ఎద్దులు ఒక్క అంగ ముందుకు వేసేవి. దూలం దూసుకొచ్చేది. ఆ "హైయ్" వినపడగానే కాలు నేల విడిచిందా, బతికాను. లేదా, డొక్క విరిగిందే. ఏడేళ్ల వయసు నుంచి ఇరవై ఆరేళ్లదాకా అదే నా బడి, అదే నా పరీక్ష. ఒకనాడు నేను ఎగిరేసరికి పైన పోతున్న కొంగ పక్కకు తప్పుకుని దారిచ్చింది. సరే, అది వదిలేయండి.

మా ఆవిడ నూకరత్నం. దానికో తమ్ముడు, సూరప్పడు. ఆరడుగుల రెండంగుళాలు. తాటిచెట్టుకు నిక్కరు తొడిగినట్టుండేవాడు. విశాఖపట్నం కాలేజీలో ఎత్తు దూకే పోటీల్లో చేరాడు గాని, ఆ కాళ్లలో ఎగిరే గుణమే లేదు. ఎక్కడికెళ్లినా మూడోవాడే. మూడోవాడికి రైల్వేలో ఉద్యోగమివ్వరు. దేవుడు ఒకే ఆటగాణ్ణి చేసి, రెండు ముక్కలు కోసి, పొడుగు వాడికీ ఎగురుడు నాకూ పంచాడని నేనే పదిమందిలో హాస్యమాడేవాణ్ణి. ఆ హాస్యం డాక్టర్ వేదవల్లి గారి చెవిన పడింది. అక్కడ మొదలైంది నా శని.

ఆమె విశాఖపట్నంలో నరాల మీద పరిశోధన చేసేది. పోలియో వచ్చిన పిల్లల్ని చూడడానికి మా ఊరొచ్చి, గానుగ దగ్గర నేను దూకుతుంటే చూసింది. రసం తాగుతున్న గ్లాసు అలాగే పట్టుకుని నిలబడిపోయింది.

"బలం చాలామందికి ఉంటుంది నాయుడుగారూ," అంది. "మీ దగ్గరున్నది బలం కాదు. బొటనవేలి నుంచి నడుందాకా ఏ నరం ముందు మోగాలి, ఏది తర్వాత మోగాలి అన్న వరస. ఆ వరసను తీసి ఇంకొకరికి పెట్టే యంత్రం చేశాను నేను. పిల్లలకు నడక పెట్టాలని చేశాను. ముందు ఆరోగ్యంగా ఉన్నవాళ్ల మీద రుజువు చెయ్యాలి."

"నా ఎగురుడు ఆడికిస్తే, నాకేటి మిగుల్తాదమ్మా?" అన్నాను.

ఆమె అబద్ధం చెప్పలేదు. "ఒక వరస ఒక ఒంట్లోనే ఉంటుంది. వెళ్లిపోయాక మీ కాళ్లు దాన్ని మరిచిపోతాయి. మూడేళ్లలోపు ఎప్పుడైనా తిరిగి మీకు పెట్టగలను. దాటితే కుదరదు."

బెల్లం వండేవాడికి అర్థమయ్యే సంగతే. పాకం వేడిగా ఉన్నంతసేపూ ఏ అచ్చులోకైనా మార్చొచ్చు. గట్టిపడ్డాక అది ఆ అచ్చుదే.

నేను ఒప్పుకునేవాణ్ణి కాదు. కాని పురిటికి పుట్టింటికెళ్లిన నూకరత్నాన్ని చూడబోయినప్పుడు అది మంచం మీంచే అంది: "నీ ఎగురుడు నీకేటి అక్కరకొస్తంది మావా? ఎద్దులు మెచ్చుకోడానికా? మా తమ్ముడికిస్తే ఆడి బతుకు నిలబడుద్ది. మూడేళ్లే గదా."

సూరప్పడు నా కాళ్లు పట్టుకున్నాడు. "బావా, నీది నీకిచ్చీత్తాను. మా అక్క మీదొట్టు."

"మీ అక్క మీద కాదురా," అన్నాను, "నీ మీద ఒట్టెయ్. మీ అక్క పోతే నాకు కూడెవుడు వండుతాడు?"

వరస తీయడం మా గానుగ దగ్గరే జరిగింది. లేబరేటరీలో కర్ర పెట్టి దూకమంటే నాకు చేతకాలేదు మరి. డాక్టరమ్మ పెట్టెలన్నీ ఎడ్లబండి మీద తెచ్చుకుంది. తొడలకూ నడుముకూ తీగలు అంటించింది. మూడు రోజుల్లో నూటపదిసార్లు దూకించింది. గాలి వేడెంతో రాసుకుంది, నా నాడి రాసుకుంది, ముందురోజు నేను తిన్న అంబలి కూడా రాసుకుంది. మా అయ్య వేసే కేకను మాత్రం రాసుకోలేదు. గానుగ దగ్గర ఆ కేక కాకి అరుపులాంటిది. వినపడుతుంది గాని ఎవడూ వినడు.

మూడో రోజు సాయంత్రం ఆమె ఏదో మీట నొక్కింది. కాళ్లలోంచి చల్లటి నీళ్లు జారిపోయినట్టయింది. ఇంటికెళ్లే దారిలో జానెడు వెడల్పున్న కాలవ దగ్గర ఆగిపోయాను. దాటడం ఎలాగో తెలియలేదు. కూచుని, ఒక కాలు అవతల పెట్టి, చేత్తో రెండోది ఎత్తి పెట్టుకున్నాను. ఇన్నాళ్లూ కొంగల్ని తప్పించినవాణ్ణి, కప్పలు నన్ను తప్పించుకుపోయాయి.

మర్నాడు ఆ వరసను విశాఖపట్నంలో సూరప్పడికి పెట్టారు. వాడు పరుగెత్తుకొచ్చాడట, కర్ర ముందు కాలు బిగించాడట, ఇక కదల్లేదట. గుంజలా నిలబడిపోయాడట. మళ్లీ పరుగు, మళ్లీ గుంజ. వారం గడిచింది, మూడు వారాలు గడిచాయి. యంత్రం తప్పా, తీగ తప్పా, నరం తప్పా అని డాక్టరమ్మ తిండి మానేసింది.

తప్పెక్కడుందో నాకు తెలుసు. ఆ కాలు మా అయ్య కేక కోసం ఎదురుచూస్తోంది. కేక లేకుండా అది ఈ జన్మలో నేల విడవదు.

చెప్పలేదు. ఎందుకు చెప్పాలి? నా దగ్గర లేనిది వాడి దగ్గరా ఉండకపోతే, కాలవ దగ్గర చతికిలబడ్డప్పుడు నాకు కాస్త ఓదార్పుగా ఉండేది. నిజం చెబుతున్నాను, ఆ మూడు వారాల్లో నేను ఒళ్లు చేశాను.

అప్పటికి నూకరత్నం పిల్లనెత్తుకుని ఇంటికొచ్చింది. తమ్ముడు ఏడుస్తూ రాసిన ఉత్తరం చదివి నాకేసి చూసింది.

"నీకేటో తెలుసు."

"నాకేటి తెలుసే?"

"తెలీకపోతే ఈపాటికి పది కోతలు కోసీసుందువు. నోరు మూసుకున్నావంటే తెలుసన్నమాటే."

ఆ పూట కంచంలో అన్నం ఒక్కటే పడింది. కూర లేదు, చారు లేదు, ఉప్పు రాయి కూడా లేదు. రెండో పూట అన్నం కూడా తగ్గింది. మూడో పూటకి చెప్పేశాను. అదీ చెరకువాళ్ల ఇంటి పిల్లే, ఎద్దుల మధ్యే పెరిగింది. ఒక్క ముక్కలో గ్రహించి ఉత్తరం రాసేసింది.

మొదట సూరప్పడు తనకు తానే కేక వేసుకుని చూశాడట. పని చేయలేదు. ఎవడి వేళ్లతో వాడు చక్కిలిగింత పెట్టుకుంటే నవ్వొస్తుందా? ఇంకొకరు వేయాలి. వాడి కోచ్ వేశాడు. పంజాబు మనిషి, నెల్లాళ్లు సాధన చేశాడు. ఆ "హైయ్" నోరు తిరిగిన రోజున మా వాడు రెండు మీటర్ల కర్రను ఇంటి గుమ్మంలా దాటేశాడు.

ఇక చూడండి నా అవస్థ. మంగలి దుకాణంలో వాడి ఫొటో. బడి గోడ మీద వాడి ఫొటో. రైల్వేలో ఉద్యోగం. సింగపూరు వెళ్లొచ్చాడు, టెహరాను వెళ్లొచ్చాడు. వచ్చినప్పుడల్లా ఊరంతా గుమిగూడేది.

"మీ బావమరిది ఏటి ఎగురుడు, ఏటి ఎగురుడు బాబూ!"

"అది నాదేరా. ఆడికి అరువిచ్చాను."

"అవునవును. గోదారీ నువ్వే అరువిచ్చావు, సముద్రం నువ్వే అరువిచ్చావు."

పుట్టిన కాణ్ణించీ నేను చెప్పినవన్నీ కోతలే. ఒక్కసారి నిజం చెబితే ఎవడూ నమ్మలేదు. ఎవర్ననాలి? సొంత పెళ్లాం వేరేవాణ్ణి పొగిడితే మగాడు కొట్లాడొచ్చు. నా కాలునే తెచ్చి నా ముందు పొగుడుతుంటే ఏం చెయ్యను? ఫొటోలో వాడి మొహం చూసేవాణ్ణి కాదు. ఎడమ పాదం చూసేవాణ్ణి. మడమ నేలకు తగలకుండా ముందు చిటికెన వేలు ఆనుతుంది. అది నాది. వాడిది ఏనుగు పాదం.

అలా మూడేళ్లు కావస్తుండగా మద్రాసు పోటీలు వచ్చాయి. శివరాత్రికి గడువు తీరిపోతుంది. పోటీలు సంక్రాంతి వెళ్లిన పదిరోజులకు. సూరప్పడు మా ఇద్దరికీ టిక్కెట్లు పంపించాడు. మద్రాసు స్టేషన్లో నన్ను పక్కకు తీసుకెళ్లాడు.

"బావా, పతకం వస్తే వారంలో జర్మనీ శిబిరానికి తీస్కుపోతారు. ఆరు మాసాలు. రాకపోతే మీతోపాటే రైలెక్కి, తిన్నగా డాక్టరమ్మ కాడికే ఒచ్చీత్తాను. నీది నీకిచ్చీత్తాను."

"మరి నీకేటి కావాల?"

వాడు వంగి బూటు తాడు బిగించుకున్నాడు. "నువ్వడక్కు బావా."

అంటే లెక్క తేలిపోయింది. వాడు నెగ్గితే నా ఎగురుడు నాకు ఇక లేదు. ఓడితే శివరాత్రికి ముందే నా కాళ్లు నాకొస్తాయి.

కథ మొదట్లో మద్రాసులో దూకింది నేనన్నాను గదా. శుద్ధ కోత. నేను గ్యాలరీలో పదకొండో వరసలో, పక్కన నూకరత్నం, వళ్లో వేరుశెనక్కాయల పొట్లం. దూకడం మాట అటుంచి, ఆ మెట్లెక్కడానికే నన్ను ఇద్దరు తమిళులు చెరో రెక్కా పట్టుకుని తీసుకొచ్చారు. దూకింది సూరప్పడే. అయినా ఆ కాలు నాదే కాబట్టి సగం నిజం. నాకు సగం నిజం చాలా ఎక్కువ.

పోటీ చివరికి ముగ్గురు మిగిలారు. ఇద్దరు పరదేశీయులు, ఒకడు మా వాడు. అందులో జపానువాడు సన్నగా జొన్న దంటులా ఉన్నాడు. ఆ పోటీలో పతకాలు రెండే. మూడోవాడు ఇంటికే. కర్ర రెండు మీటర్ల పద్దెనిమిదికి ఎత్తారు. రెండో పరదేశి మొదటి ప్రయత్నంలోనే దాటేశాడు. జపానువాడు మూడు ప్రయత్నాల్లోనూ కర్రను తన్నేశాడు. కాని కింది ఎత్తుల్లో వాడు తప్పు చేయలేదు, మా వాడు చేశాడు. కాబట్టి మా వాడు ఇది దాటితేనే పతకం, లేకపోతే అది జపానువాడిది.

ఆ ఎత్తున కర్ర పెట్టినప్పుడే జపానువాళ్ల పెద్దమనిషి ఒకాయన న్యాయనిర్ణేతల దగ్గరికెళ్లి మా కోచ్‌ను చూపించాడు. ఈయన ప్రతిసారీ ఏదో కేక వేస్తున్నాడు, ఇది సాయం చేయడం కిందకొస్తుంది అన్నాడట. కోచ్ పంజాబీలో తిట్టాడు. ఆయన్ను మైదానంలోంచి బయటకు పంపేశారు.

సూరప్పడు మొదటిసారి పరుగెత్తుకొచ్చాడు. కర్ర ముందు గుంజలా నిలబడ్డాడు. ఇచ్చిన సమయం అయిపోయి ఆ ప్రయత్నం పోయింది. మైదానమంతా నవ్వు. రెండోసారి పరుగెత్తుకొచ్చాడు. మళ్లీ గుంజ. వాడి మొహం పాలిపోయింది. గ్యాలరీకేసి తిరిగి చూశాడు. అంతమంది జనంలో మేమెక్కడున్నామో వాడికేం తెలుస్తుంది? అయినా చూశాడు.

నాకెంత హాయిగా ఉందో చెప్పనా? వేరుశెనక్కాయ ఒలిచి నోట్లో వేసుకుంటే అంత తియ్యటి కాయ ఎప్పుడూ తినలేదు. ఇంకొక్క గుంజ చాలు. మాఘమాసంలో నేను మళ్లీ మా గానుగ దగ్గర దూకుతాను. ఊళ్లోవాళ్ల నోళ్లు మూయిస్తాను. నా మీద నాకున్న కుళ్లంతా కడుక్కుపోతుంది.

అప్పుడు జపానువాడు కంటపడ్డాడు. గడ్డి మీద కూచుని, చేతులు తొడల మీద పెట్టుకుని, నా కాలి ఓటమి కోసం వినయంగా ఎదురుచూస్తున్నాడు. మూడేళ్లుగా సూరప్పడి మీద మండిన మంటంతా తిరిగి వాడి మీదకు మళ్లింది. ఒరే, మా వాడు నా కాలుతో గొప్పవాడైతే నేను ఓర్చుకోలేకపోయాను. నువ్వు నా కాలును ఓడిస్తే ఓర్చుకుంటానా? దాన్ని ఓడించే హక్కుంటే నాకుండాలి గాని, నువ్వెవడివి?

సూరప్పడు మూడోసారి పరుగు మొదలుపెట్టాడు. వంపు తిరిగాడు. ఎడమ చిటికెన వేలు నేలకు ఆనింది.

లేచి నిలబడి కేక వేశాను.

"హో... హైయ్!"

ఆ కాలు విన్నది. ఎలా విన్నదో నన్నడగకండి. వేలమంది అరుస్తున్న చోట, తమిళమూ, ఇంగ్లీషూ, జపానూ కలగలిసిన గోలలో తన కేక తాను ఏరుకుంది. నేల విడిచింది. ఇన్నేళ్లూ దాన్ని నేను లోపల్నుంచే ఎరుగుదును. అది బయట్నుంచి ఎలా ఉంటుందో అప్పుడే మొదటిసారి చూశాను. ముందు మోకాలు లేచింది, వెనక నడుం, ఆ తర్వాత ఏ తొందరా లేకుండా ఆ పొడుగాటి మనిషంతా, బావిలోంచి చేద లేచినట్టు. పైకెళ్లాక కాసేపు ఆగిందనుకున్నాను. వీపు కర్ర మీంచి జారింది, మడమలు జారాయి. కర్ర కదల్లేదు.

తర్వాత సంగతులు పేపర్లో వచ్చినవే. పతకం, జర్మనీ, శివరాత్రి. మేం రైలెక్కి ఇంటికొచ్చాం. గడువు నాడు నేను చెరువు గట్టున ఊరికే కూచున్నాను. కాళ్లలో ఏదో తెలుస్తుందేమో అనుకున్నాను. ఏమీ తెలియలేదు. సూరప్పడు ఇంకో అయిదేళ్లు దేశాలు తిరిగి దూకాడు. ఇప్పుడు మోకాళ్లు అరిగిపోయి పింఛను తింటున్నాడు. ఈ మధ్య దాకా కూడా రోడ్డు మీద ఎవడైనా ఎద్దుల్ని అదిలిస్తే, చేతిలో కూరగాయల సంచితో సహా గాల్లోకి లేచేవాడు. వాడి పెళ్లాం వాణ్ణి సంతకు పంపడం మానేసింది.

డాక్టరమ్మ సంగతే నన్ను ఇప్పటికీ పీకుతుంటుంది. మద్రాసు తర్వాత ఆమె డాక్టర్ల సభలో విషయం బయటపెట్టింది. అది ఆ నోటా ఈ నోటా పాకి జనంలోకి వచ్చింది. ఒక్క వారంలో నలభైమంది తల్లులు పోలియో పిల్లల్ని చంకనేసుకుని ఆమె గుమ్మం ముందు వరస కట్టారు. నా నడక తీసి నా బిడ్డకు పెట్టమ్మా అని. ఆమె గడువు సంగతి వివరించబోతే వినలేదట.

"నాయుడుగారూ," అంది నాతో, "మూడేళ్లలోపు మా నడక మాకు తిరిగొస్తుందా అని ఒక్క తల్లి కూడా అడగలేదు. నడిచే బిడ్డ వెనక పాకే తల్లుల్ని నలభైమందిని తయారుచెయ్యమంటారా?"

ఆ యంత్రాన్ని ఆమే ఏ మరకు ఆ మర ఊడదీసి విప్పేసింది. కాగితాలు కాల్చేసింది. నేను చూస్తూనే ఉన్నాను. ఒక్క ఎగురుడు కోసం మూడేళ్లు కుళ్లి చచ్చినవాణ్ణి, ఆమె మొహంలోకి చూడలేక కిటికీ లోంచి బయటకు చూశాను.

ఇంతదూరం ఓపికపట్టారు కాబట్టి ఒక్క నిజం చెప్పేస్తాను. ఇందులో కొంగ మాట మీరెలాగూ నమ్మలేదు, దాన్ని లెక్కలోకి తీసుకోను. యంత్రం ఉంది, డాక్టరమ్మ ఉంది, జపానువాడి మీద నా కుళ్లూ ఉంది. నేను కల్పించింది ఒక్కటే. మద్రాసులో ఆ కేక వేసింది నేను కాదు. నేను తుండు గుడ్డ నోట్లో కుక్కుకుని, ఎక్కడ నోరు జారుతుందో అని రెండు చేతులా నొక్కి పట్టుకుని కూచున్నాను. లేచి నిలబడ్డది నూకరత్నం. అంత గొంతు దానికుందని నాకప్పటిదాకా తెలియదు. ముందు వరసలో పిల్లలు జడుసుకున్నారు.

తిరుగు రైల్లో నెల్లూరు దాటేదాకా దానితో మాట్లాడలేదు. చివరికి ఆగలేక అడిగేశాను.

"మొగుడికన్నా తమ్ముడే ఎక్కువైపోనాడా నీకు?"

"ఆడి కోసం కాదు."

"మరెవుడి కోసం?"

అది కిటికీ ఊచలు పట్టుకుని బయటకు చూస్తూ అంది: "కొత్తకోడలు గానుగ కాడికి ఎల్లకూడదని మీ అమ్మ కట్టడి చేసీసింది. తరవాత పురుడొచ్చీసింది. పురుడు కాణ్ణించి నానొచ్చీసరికి నీ ఎగురుడు ఎల్లిపోనాది. పెళ్లయిన కాణ్ణించీ దాని కబుర్లు ఇనడమే గాని, సూసిందేటుంది మావా? ఒక్కపాలి నాను కూడా సూడాలా, ఒద్దా?"

కేక నాదని కల్పించాను గాని, ఈ మాట కల్పించలేదు. ఇంతలేసి మాటలు కల్పించడం నాకెక్కడ చేతనవుతుంది!